కకుద్మి మహారాజు విన్న పాట

ఆనర్తదేశమున కుశస్థలి యను నగరమును పాలించిన కకుద్మి మహారాజునకు రేవతి యను కుమార్తె యుండెను. ఆమెకు తగిన వరుడెవ్వడో బ్రహ్మదేవునే అడిగి తెలిసికొనవలెనని రాజు కూతును వెంటబెట్టుకొని బ్రహ్మలోకమునకు పోయెను. అప్పుడచట గంధర్వగానము జరుగుచుండెను. సభామర్యాద నెఱిగిన రాజు పాట ముగియువఱకు క్షణకాలము నిలిచి, పిమ్మట తాను మనసున నుంచుకొన్న వరుల పేర్లు విన్నవించెను. బ్రహ్మ నవ్వెను. ఆ వరులు లేరు. వారి కొడుకులును మనుమలును లేరు. వారి గోత్రముల పేరైనను వినబడదు. భూలోకమున ఇరువదియేడు మహాయుగములు గడచిపోయినవి. మహాయుగమునకు 43,20,000 సంవత్సరములను పురాణగణనము చొప్పున నిది 11,66,40,000 సంవత్సరములు!

భాగవత నవమస్కంధమందలి యీ కథ మన పెద్దలు పురాణకాలక్షేపములలో విన్నదే. రాజు తిరిగి వచ్చి చూచుసరికి తన పురమును తనవారు యక్షులకు వెఱచి యెన్నడో విడిచిపోయిరి. బ్రహ్మ చెప్పినట్లు కూతును బలరామున కిచ్చి, తాను బదరికాశ్రమమునకు తపస్సునకు పోయెను. రాజ్యము లేని రాజు వేఱేమి చేయగలడు?

కాలము గతి తప్పిన యిట్టి కథలు ఇతర దేశములందును గలవు. జపానువారి కథలో ఉరషిమా టారో యను జాలరి సముద్రగర్భమందలి నాగరాజ సౌధమున కొలదికాలము సుఖించి యింటికి రాగా మూడు వందల సంవత్సరములు గడచియుండెను. తెఱువవలదన్న పెట్టె తెఱచిన క్షణముననే అతడు ముదుసలి యయ్యెను. అమెరికా రచయిత వాషింగ్టన్ ఇర్వింగు 1819లో ప్రకటించిన కథలో రిప్ వాన్ వింకిల్ అను సోమరి కొండలలో విచిత్రపురుషుల మద్యము త్రాగి ఇరువది సంవత్సరములు నిద్రించెను. ఆ నిద్రలోనే అమెరికా స్వతంత్రమయ్యెను. మేలుకొని ఊరిలోనికి వచ్చి తాను ఇంగ్లండు రాజునకు విధేయుడనని చెప్పుకొనగా జనులు గూఢచారియని అతనిపై పడిరి.

ఆ కథలో ఒక చిన్న ముచ్చట గలదు. ఊరి సత్రము ముందఱి పలకపై మునుపు జార్జి రాజు పటముండెడిది. రిప్ మేలుకొని చూచునప్పటికి ఎఱ్ఱకోటు నీలికోటయ్యెను; రాజదండము కత్తియయ్యెను; క్రింద జనరల్ వాషింగ్టన్ అని వ్రాయబడెను. ముఖము మాత్రము పూర్వపుదే! 1947 ఆగస్టు 15 తరువాత మన కచ్చేరీలలో మాఱినది ముఖమా, కోటా యని ప్రతి పౌరుడును తన్ను దాను ప్రశ్నించుకొనవలసియున్నది.

ఈ కథలన్నిటిలోను ఒక్క సామాన్యలక్షణము గలదు. కాలము విఱిగిన చోట నున్నవానికి అది విఱిగినట్లు తెలియదు. రాజునకు పాట మధురముగ నుండెను. జాలరికి విందు రుచిగ నుండెను. సోమరికి నిద్ర సుఖముగ నుండెను. నష్టమంతయు ఇంటికి మరలిన తరువాతనే తెలియవచ్చినది.

ఆంగ్ల రచయిత వెల్సు 1895లో వ్రాసిన కాలయంత్రకథయందు యాత్రికుడు నిద్రింపలేదు. కన్నులు తెఱచియే 8,02,701వ సంవత్సరమునకు పోయెను. అచట మనుష్యజాతి రెండుగ చీలియుండెను. భూమిపై ఆటపాటలు తప్ప ఏమియు నెఱుగని సుకుమారులు; భూమి క్రింద యంత్రములు నడుపుచు, రాత్రులందు పైకి వచ్చి ఆ సుకుమారులనే భక్షించు శ్రామికసంతతి. ఒకరి కష్టముపై మఱియొకరు తరతరములు కూర్చుండి తినిన దాని ఫలమిది. భూవసతి గలవారు ఈ కథను వినోదమునకై మాత్రమే చదువరాదు.

ఇక శాస్త్రము మాట. కాలము అందఱికి ఒక్కటి కాదని ఐన్‌స్టీను 1905లో నిరూపించెను. వేగమును బట్టి గడియారము నడక మాఱును. గురుత్వాకర్షణమును బట్టియు మాఱునని ఆయన తరువాత సాధించెను. 1971లో మిక్కిలి సూక్ష్మమైన గడియారములను విమానములలో భూమి చుట్టును త్రిప్పి యీ భేదమును కొలిచిరి. నేడు దారి చూపు ఉపగ్రహములందలి గడియారములు భూమిపైని గడియారములకంటె దినమునకు సెకనులో పదిలక్షలవ వంతులు 38 చొప్పున ముందు నడచును. గణితముచే ఆ భేదమును సవరించుచున్నారు.

ఇది విని కొందఱు పండితులు, ‘‘కకుద్మి కథయే ఐన్‌స్టీను సిద్ధాంతము, మనవారికిది ఏనాడో తెలియును’’ అని సభలలో ఘోషించుచున్నారు. ఈ మాట సత్యము కాదు. పురాణమున లోకభేదముచే కాలభేదము చెప్పబడినది. వేగమునకును కాలమునకును గల సంబంధమును చూపు గణితముగాని, పరీక్షింపదగిన ప్రతిజ్ఞగాని అందు లేదు. అది మహత్తరమైన కల్పన. కల్పనగనే దానిని గౌరవింపవలెను. దానికి అరువు తెచ్చిన శాస్త్రవేషము వేసినచో పురాణమునకును గౌరవము మిగులదు, శాస్త్రమునకును మిగులదు.

మనకు గర్వకారణము కావలయునన్నచో నిజమైనది గలదు. 1955లో అమల్ కుమార్ రాయచౌధురి కలకత్తాలో పనిచేయుచు నొక సమీకరణమును ప్రకటించెను. గురుత్వాకర్షణబలమున పదార్థమార్గము లెట్లు ఒకచోటికి కుంచించుకొని పోవునో అది తెలుపును. కథలలో గాక గణితముననే కాలము తెగిపోవు స్థానములు తప్పవని పెన్రోజు 1965లోను, పిమ్మట హాకింగును నిరూపించుటకు ఆ సమీకరణము ఆధారమయ్యెను. పెన్రోజునకు 2020లో నోబెల్ బహుమానము వచ్చినది. రాయచౌధురి పేరు మన పాఠశాలలలో ఎందఱు బాలు రెఱుగుదురు?

పూర్వుల ఘనతను గానము చేయుచు, అదియే మన ఘనతయని తలలూపుచు కూర్చుండువాడు కకుద్మి వంటివాడే. గంధర్వుల పాట మధురమే, కాదనలేము. కాని పాట వినుచున్నంతసేపును భూలోకమున పొలములు బీడువడుచున్నవి, పురములు పరులపాలగుచున్నవి. రేవతికి వరుని వెదకవలసిన పని ఇంటనే యున్నది. ఆ పనికై ఇప్పుడే లేచి రావలయును.