పెరిగిన కూలి ఎటు పోయింది?

ఉక్కునగరానికి ఇనుపరాయిని తవ్వి ఇచ్చిన శ్రామికులు సారా దుకాణం ముందు నిలబడి వేసుకున్న లెక్క నేటికీ తేలలేదు.

భిలాయి ఉక్కు కర్మాగారానికి ముడి ఇనుము అందించే దల్లీ-రాజహరా గనులలో 1977 తరువాత ఒక విచిత్ర పరిస్థితి ఏర్పడింది. అంతవరకు అర్ధాకలితో రాళ్లు కొట్టిన కాంట్రాక్టు కూలీలు సంఘటితులై, పోరాడి, వేతనాలు పెంచుకున్నారు. కొద్ది సంవత్సరాలలోనే వారి రోజుకూలి అనేక రెట్లయింది. కాని ఎన్నో ఇళ్లలో పొయ్యి మీది కుండలో మార్పు రాలేదు. మార్పు వచ్చినది సారా దుకాణం గల్లాపెట్టెలో!

కార్మికసంఘ నాయకుడు శంకర్ గుహా నియోగీనీ, ఆయన సహచరులనూ ఈ దృశ్యం కలవరపరచింది. పగలంతా ఒక యజమానితో పోరాడి గెలుచుకున్న రూపాయి సాయంత్రానికి మరొక యజమాని చేతిలో పడుతున్నట్లయితే, ఆ గెలుపు ఎవరిది?

ఈ ప్రశ్న కేవలం తాగుబోతుతనానికి సంబంధించినది కాదు. మద్యాన్ని తీసేవాడెవడు, పోసేవాడెవడు, లాభం పుచ్చుకునేవాడెవడు అన్న మూడు ప్రశ్నలు అందులో ఇమిడి ఉన్నాయి. భిలాయి పరిసర ప్రాంతపు చరిత్ర ఈ మూడింటికీ వేర్వేరు కాలాలలో వేర్వేరు సమాధానాలు చెప్పింది.

ఇప్పపువ్వు, కలారిన్ కథ

భిలాయి నుండి దల్లీ-రాజహరా గనులకు పోయే దారి నేటి బాలోద్ జిల్లాలో ప్రవేశిస్తుంది. ఆ జిల్లాలోని సోరర్ గ్రామంలో ఒక ప్రాచీన శిలామండపం ఉన్నది. జనం దానిని ‘బహాదుర్ కలారిన్ మాచీ’ అంటారు. కలారిన్ అనగా మద్యం కాచి అమ్మే కలార్ కులపు స్త్రీ. ఒక రాజు ఆమె అందానికి ముగ్ధుడై, ఆమెను చేపట్టి, ఆపై విడిచిపోగా, ఆమె ఒంటరిగా కుమారుని పెంచి పెద్దచేసిందని, చివరకు ఆ కుమారుని మూలంగానే ఘోరవిషాదం అనుభవించిందని జానపద గాథ. రాయపూర్‌లో జన్మించిన సుప్రసిద్ధ నాటకకర్త హబీబ్ తన్వీర్ 1978లో ఈ గాథను ‘బహాదుర్ కలారిన్’ అనే నాటకంగా మలచాడు.

ఈ కథలో గమనించదగిన విశేషం ఒకటున్నది. పాత్ర నింపే స్త్రీని ఇక్కడి ప్రజలు హీనంగా చూడలేదు, కథానాయికగా స్మరించుకున్నారు. ఆనాటి మద్యం అడవినుండి వచ్చేది. హిందీలో మహువా అని, తెలుగులో ఇప్ప అని పిలిచే చెట్టు మార్చి, ఏప్రిల్ నెలల్లో తెల్లవారుజామున పూలు రాల్చుతుంది. స్త్రీలు వాటిని ఏరి ఎండబెడతారు. ఎండిన పువ్వును నీటిలో కొన్నాళ్లు నానబెట్టి, పులిసిన తరువాత కుండలో మరిగించి, ఆవిరిని మరొక పాత్రలో చల్లార్చితే ఇప్పసారా బొట్లుబొట్లుగా దిగుతుంది. గోండులు మొదలైన ఆదివాసులకు అది పెళ్లిలోనూ, చావులోనూ, దేవతారాధనలోనూ భాగం. ముందు దేవునికి, పూర్వులకు కొన్ని చుక్కలు సమర్పించిన తరువాతనే మనుషులు పుచ్చుకుంటారు. తాగడానికి ఒక సందర్భం ఉండేది. ఆ సందర్భమే దానికి హద్దు కూడా.

వేలంపాట వచ్చింది

ఆ హద్దును చెరిపినది బ్రిటిష్ పాలన. ‘అబ్కారీ’ అనే పారశీక పదానికి అసలు అర్థం నీటిపని అని. ఆ నీటిపని కాలక్రమాన ఖజానాకు పెద్ద ఊటబావి అయింది. సారా అమ్మే హక్కును ప్రభుత్వం ప్రాంతాలవారీగా వేలం వేసేది. ఎక్కువ పాట పాడినవానికి ఆ ప్రాంతంలో గుత్తాధికారం. పాట సొమ్ము రాబట్టుకోవాలంటే అతడు ఎక్కువ అమ్మాలి. ఎక్కువ అమ్మాలంటే జనం ఎక్కువ తాగాలి. పండుగనాటి పానీయం ఈ విధంగా నిత్యపానీయం అయింది. ఇంట్లో కాచుకున్నది నేరమయింది. దుకాణంలో కొన్నది చట్టబద్ధమయింది. స్వాతంత్ర్యం వచ్చాక కూడా ఈ యంత్రాంగం దశాబ్దాల తరబడి చెక్కుచెదరలేదు.

అటువంటి నేలమీద ఉక్కునగరం వెలిసింది. సోవియట్ యూనియన్‌తో ఒప్పందం 1955 ఫిబ్రవరి 2న కుదిరింది. 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ మొదటి బ్లాస్ట్ ఫర్నేస్‌ను ప్రారంభించారు. దేశం నలుమూలల నుండి పనివారు వచ్చారు. శ్రీకాకుళం, విజయనగరం ప్రాంతాలనుండి వచ్చిన తెలుగు కుటుంబాలు అక్కడి సెక్టార్లలో స్థిరపడ్డాయి. కర్మాగారపు పర్మినెంటు ఉద్యోగికి క్వార్టరు, ఆసుపత్రి, బడి లభించాయి. కాని అదే కర్మాగారానికి దాదాపు 90 కిలోమీటర్ల దూరాన రాయి తవ్వే కాంట్రాక్టు కూలీకి వీటిలో ఏదీ లేదు. పురుషుడు రాయి పగులగొట్టేవాడు. స్త్రీ దానిని తట్టలతో లారీకి ఎత్తేది. ఇద్దరి కూలీ కలిపినా ఇల్లు గడవడం కష్టం.

1977 మార్చిలో వారు ఛత్తీస్‌గఢ్ మైన్స్ శ్రామిక్ సంఘ్‌ను స్థాపించుకున్నారు. పని దొరకని రోజుకు కొంత భృతి, వానాకాలానికి ముందు గుడిసె కప్పుకొనేందుకు 100 రూపాయలు వారి తొలి కోర్కెలలో ఉన్నాయి. ఆ సంవత్సరం జూన్ 2, 3 తేదీలలో పోలీసు కాల్పులలో 11 మంది మరణించారు. ఇంత మూల్యం చెల్లించిన తరువాతనే కూలి పెరిగింది. ఆ కూలి సారా దుకాణానికి పోవడాన్ని సంఘం సహించలేకపోవడానికి కారణం ఇదే. ఆ రూపాయిలో రక్తం ఉన్నది.

సంఘం చేసిన పని

సంఘం మద్యనిషేధ ఉద్యమాన్ని చేపట్టింది. కాని ఉపన్యాసంతో సరిపెట్టలేదు. గని విభాగాల ముఖియాలు తమ తమ బృందాలకు బాధ్యత వహించారు. బహిరంగ సభలలో ప్రమాణాలు చేయించారు. మాట తప్పినవారికి సంఘమే జరిమానా విధించేది. అన్నిటికంటె బలమైన కావలి స్త్రీలది. వారు ఇంటి ఇల్లాళ్లు మాత్రమే కారు. భర్తలతో సమానంగా గనిలో పనిచేసే కార్మికులు, సంఘ సభ్యులు. భర్త జీతం ఎంతో వారికి తెలుసు; అది ఏ వారం ఇల్లు చేరలేదో కూడా తెలుసు.

మనిషి ఎందుకు తాగుతాడన్న ప్రశ్నను కూడా సంఘం తప్పించుకోలేదు. పది గంటలు రాయి కొట్టిన ఒంటికి నొప్పి ఉంటుంది. సాయంత్రానికి పోవలసిన చోటు మరొకటి ఉండదు. అందువల్ల సారా దుకాణం మూయించాలంటే మరికొన్ని తలుపులు తెరవాలి. సంఘం బడులు నడిపింది. ఆటలు, పాటలు, నాటకాలు ప్రోత్సహించింది. 1857లో రాయపూర్‌లో ఉరికంబమెక్కిన వీర నారాయణ్ సింగ్ స్మృతిని పునరుద్ధరించి, తమ తాతలు ఎవరో కూలీలకు గుర్తుచేసింది. సంఘ ఉపాధ్యక్షురాలు ఒకామె ప్రసవ సమయంలో తగిన వైద్యం అందక మరణించగా, తమకంటూ ఒక ఆసుపత్రి కట్టుకోవాలని కూలీలు నిశ్చయించుకున్నారు. వారి చందాలతో, వారి శ్రమతో ‘శహీద్ ఆసుపత్రి’ 1983 జూన్ 3న ప్రారంభమయింది. సారా ఖాతాకు పోగల సొమ్ము ఇటుకగా, మందుగా, మంచంగా మారగలదని చూపడానికి ఇంతకంటె రుజువేమి కావాలి?

సారా వ్యాపారులకు ఇది రుచించలేదనడంలో ఆశ్చర్యం లేదు. 1981లో నియోగీని జాతీయ భద్రతా చట్టం కింద నిర్బంధించారు. అయినా ఉద్యమం ఆగలేదు.

సారా తీసేవాని కూలి

1990 ప్రాంతంలో నియోగీ భిలాయి పారిశ్రామికవాడలోని ప్రైవేటు కర్మాగారాల కాంట్రాక్టు కూలీలను సంఘటిత పరచసాగాడు. అప్పుడొక వింత సంభవించింది. ఉద్యమంలో చేరినవారిలో మద్యం తయారుచేసే డిస్టిలరీల కార్మికులు కూడా ఉన్నారు! మద్యాన్ని వ్యతిరేకించే సంఘం మద్యం తీసేవాని కూలికోసం పోరాడవచ్చునా?

ఇందులో వైరుధ్యం పైకి కనిపించినంత లేదు. సీసా నింపేవాడు, దానిని ఖాళీచేసేవాడు ఒకే బస్తీలో పక్కపక్క గుడిసెలలో నివసించేవారు. ఇద్దరికీ ఉద్యోగభద్రత లేదు. ఇద్దరి శ్రమమీదా లాభం మూడవవానిది. మద్యాన్ని ద్వేషించవచ్చును గాని, దానిని మోసే కూలీని ద్వేషించనవసరం లేదు.

1991 సెప్టెంబర్ 28 తెల్లవారుజామున భిలాయిలోని తన ఇంట్లో నిద్రిస్తున్న నియోగీని కాల్చి చంపారు. 1992 జూలై 1న పవర్‌హౌస్ రైల్వేస్టేషన్‌లో పట్టాలమీద బైఠాయించిన కార్మికులపై జరిగిన కాల్పులలో పదిహేనుమందికి పైగా మరణించారు. హత్య కేసులో పారిశ్రామికవేత్తలకు కింది కోర్టు వేసిన శిక్ష పైకోర్టులో నిలవలేదు. 2005లో సుప్రీంకోర్టు కాల్పులు జరిపిన వ్యక్తి ఒక్కనికే యావజ్జీవం విధించింది.

నెల్లూరు నేర్పిన పాఠం

అదే 1992లో తెలుగు నేలపై మరొక జ్వాల లేచింది. నెల్లూరు జిల్లా దూబగుంటలో అక్షరాస్యతా తరగతులకు వచ్చిన స్త్రీలు తమ ఊరి సారా దుకాణాన్ని మూయించారు. ఆ నిప్పు రాష్ట్రమంతటా వ్యాపించింది. 1993 అక్టోబర్ 1 నుండి ఆంధ్రప్రదేశ్‌లో సారాను, 1995 జనవరిలో మద్యాన్ని సంపూర్ణంగా నిషేధించారు. కాని 1997లో ఆ సంపూర్ణ నిషేధాన్ని సడలించారు. ఖజానా లోటు, దొంగసారా, పొరుగు రాష్ట్రాల సీసాలు అందుకు కారణాలుగా చెప్పబడినవి.

దల్లీ-రాజహరా, దూబగుంట ఉద్యమాలలో ఒక సామ్యం కనిపిస్తుంది. స్త్రీలు కావలి కాసినంతకాలం రెండూ నిలిచాయి. కావలి బాధ్యత ప్రభుత్వానికి బదిలీ అయినచోట మాత్రం చిక్కు వచ్చింది. కాపలాదారుకే ఆ దుకాణంమీద ఆదాయం ఉన్నది మరి!

ప్రభుత్వమే దుకాణదారు

2000 నవంబర్ 1న ఛత్తీస్‌గఢ్ ప్రత్యేక రాష్ట్రమయింది. 2017 ఏప్రిల్ 1 నుండి రాష్ట్ర ప్రభుత్వం కాంట్రాక్టర్లను తొలగించి, తన కార్పొరేషన్ ద్వారా తానే చిల్లర దుకాణాలు నడపసాగింది. ఆ ఏడాదే వచ్చిన జీఎస్‌టీ పరిధిలో తాగే మద్యాన్ని చేర్చలేదు. అందువల్ల రాష్ట్రాలు స్వయంగా పన్ను వేసుకోగల కొద్ది వస్తువులలో అది మిగిలిపోయింది. 2018 ఎన్నికలలో వాగ్దానం చేసిన మద్యనిషేధం అమలుకు రాలేదు. 2020 లాక్‌డౌన్ కాలంలో సీసాను ఇంటికే చేరవేసే ఏర్పాటును ప్రభుత్వమే చేసింది. రాజ్యాంగపు 47వ అధికరణం మద్యనిషేధానికి కృషి చేయవలసిందిగా ప్రభుత్వాన్ని ఆదేశిస్తున్నది!

దుకాణం ప్రభుత్వానిదే అయినా, కిటికీ వెనుక నిలబడి సీసా అందించే సేల్స్‌మన్ ప్రభుత్వోద్యోగి కాడు. అతనిని సరఫరా చేసేది ఒక ప్రైవేటు ఏజెన్సీ. రోజంతా అతని చేతిమీదుగా లక్షలు మారవచ్చును. అతని ఉద్యోగం మాత్రం కాంట్రాక్టు. గనిలో రాయి కొట్టినవానిది నాడు ఏ స్థితియో, సీసా అమ్మేవానిది నేడు దాదాపు అదే స్థితి.

తాగే అలవాట్లూ మారాయి. ఇప్పసారా గ్రామాలకు, పండుగలకు పరిమితమయింది. పట్టణపు కూలీ ‘ప్లెయిన్’, ‘మసాలా’ అనే పేర్లతో వచ్చే దేశీ మద్యపు పౌవా సీసా కొంటాడు. మన క్వార్టరే అక్కడ పౌవా. పక్కనే చఖ్నా బండి. జీతం కొంచెం పెరిగినవాడు బీరుకు, విదేశీ తరహా మద్యానికి ఎగబాకుతాడు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఛత్తీస్‌గఢ్‌లో 15 ఏళ్లు దాటిన పురుషులలో మద్యం తాగేవారు సుమారు 35 శాతం. దేశం మొత్తంమీద ఇది 19 శాతం. తెలంగాణలో సుమారు 43 శాతమని తెలిసినప్పుడు, ఛత్తీస్‌గఢ్‌ను వేలెత్తి చూపే హక్కు మనకు అంతగా లేదని ఒప్పుకోవలసి వస్తుంది.

గ్లాసు నింపే ఉద్యోగం

పెద్ద నగరాల హోటళ్లలో గ్లాసు నింపడం ఇప్పుడు శిక్షణ పొంది చేసే వృత్తి. బార్‌టెండరు 30, 60 మిల్లీలీటర్ల కొలతలో చుక్క తేడా రానీయడు. ఎవరికి ఇక పోయకూడదో గుర్తించడం అతని నేర్పులో ముఖ్యభాగం. రాత్రివేళ పని, జీతానికి తోడు కస్టమరు ఇచ్చే టిప్పు. చాలాకాలం ఈ ఉద్యోగం స్త్రీలకు నిషిద్ధం. 1914 నాటి పంజాబ్ ఎక్సైజ్ చట్టం మద్యం తాగే చోట స్త్రీలను నియమించరాదన్నది. ఢిల్లీలో అమలవుతున్న ఆ నిబంధన చెల్లదని సుప్రీంకోర్టు 2007 డిసెంబర్‌లో తీర్పు చెప్పింది. కలారిన్‌ను కథానాయికగా నిలుపుకున్న దేశంలో ఆమె వృత్తిని ఆమెకు తిరిగి ఇప్పించడానికి న్యాయస్థానం కలుగజేసుకోవలసి వచ్చింది!

పోసేవాని స్థితి ఇంతకంటె మెరుగ్గా ఉండే అవకాశమే లేదా? ఉన్నదనడానికి మధ్యభారతమంతటా, భిలాయిలో కూడా నడుస్తున్న ఇండియన్ కాఫీ హౌస్‌లు నిదర్శనం. 1950ల చివర కాఫీ బోర్డు తన కాఫీ హౌస్‌లను మూసివేయగా, ఉద్యోగం కోల్పోయినవారు సహకార సంఘాలుగా ఏర్పడి వాటిని తామే నడుపుకున్నారు. తలపాగా చుట్టి కప్పు అందించే మనిషి అక్కడ నౌకరు మాత్రమే కాదు, సంఘంలో భాగస్వామి. పోసే పానీయం వేరు కావచ్చు. పోసేవానికి లాభంలో వాటా, గౌరవం ఉండవచ్చునన్న సంగతి మాత్రం అక్కడ ప్రతిదినం రుజువవుతున్నది.

‘సంఘర్షణ, నిర్మాణం’ అన్నవి నియోగీ ఉద్యమపు రెండు మాటలు. కూలి పెంచుకోవడం మొదటిదైతే, పెరిగిన కూలి ఏమవుతున్నదో కనిపెట్టి ఉండడం రెండవది. వేతన ఒప్పందం మీద సంతకం పడిన రోజున కార్మికుని గెలుపు సగమే పూర్తవుతుంది. మిగిలిన సగం ఆ రాత్రి అతడు ఇంటికి చేరిన తరువాత, భార్య కొంగున ముడివేసే నోట్ల లెక్కలో తేలుతుంది.