చిన్న పెట్టెలో దుబాసీ

టీవీకి తగిలించి ఆడే వీడియోగేమ్ పెట్టెలు జపాన్‌లో నింటెండో కంపెనీ 1983లో ఒకటి, సెగా కంపెనీ 1988లో ఒకటి తెచ్చాయి. ఒకదాని ఆట రెండోదాంట్లో ఆడదు. ఎందుకంటే వాటి ప్రాసెసర్ల భాషలు వేరు.

2016లో నింటెండో తన పాత పెట్టెనే అరచేతిలో పట్టేంత చేసి, 30 ఆటలతో అమ్మింది. లోపల ఉన్నది కొత్త ప్రాసెసర్. పాత ఆట మాటల్ని దానికి అర్థమయ్యేలా మార్చి చెప్పే దుబాసీ 'ఎమ్యులేటర్' అనే ప్రోగ్రాం. 2017లో కొందరు అభిమానులు అందులోకి ఇంకో ఎమ్యులేటర్ ఎక్కించారు. అంతే, సెగా ఆటలూ ఆడాయి!

కోయ మాటతో హాస్టల్‌కొచ్చిన తమ్ముడికి సార్ పాఠం అర్థం కాకపోతే మొద్దు అనకండి. వాడికి దుబాసీ దొరకలేదంతే. పక్కన కూర్చుని కోయలో రెండు మాటలు చెప్పండి.