టికెట్‌ కాదు, ఓటే హక్కు

నిమ్మాడకు చెందిన న్యాయశాస్త్ర పట్టభద్రుడు, వెలమ కులస్థుడు కింజరాపు ఎర్రన్నాయుడు 1983లో హరిశ్చంద్రపురం నుంచి శాసనసభకు వెళ్లారు. 1989లో పార్టీ టికెట్‌ నిరాకరిస్తే స్వతంత్రుడిగా నిలిచి గెలిచారు. బీసీ నాయకత్వం ఎవరి దయాభిక్షా కాదని టెక్కలి ప్రాంత ఓటరు ఇచ్చిన తీర్పు అది. ఆయన 1996లో కేంద్రమంత్రి అయ్యారు. నేడు తమ్ముడు అచ్చెన్నాయుడు రాష్ట్రమంత్రి, కుమారుడు రామ్మోహన్‌నాయుడు కేంద్రమంత్రి. ఈ ఎదుగుదలను నేను తక్కువ చేయను. కానీ కాశీబుగ్గలో జీడిపిక్కలు కొట్టి చేతులు నల్లబడిన తల్లులను చూసినప్పుడల్లా అడగాలనిపిస్తుంది: వారి బిడ్డ లా చదివితే ఏ పార్టీ టికెట్‌ ఇస్తుంది? ప్రాతినిధ్యం ఒక ఇంటి గడప దగ్గరే ఆగితే, మత్స్యకారులకూ దళితులకూ 1989 నాటి ఆ తీర్పు ఇంకా అమలు కానట్టే.