పదకొండేళ్లు మాటల్లేవు.. తర్వాత 158 ఉత్తరాలు!

ఎన్నికలొస్తే మన వాట్సాప్ గ్రూపుల్లో ఒక సీన్ గ్యారంటీ. ఒకే కంచం ఒకే మంచం అన్నట్టు తిరిగిన ఇద్దరు ఫ్రెండ్స్ ఏదో ఒక వీడియో దగ్గర మాటా మాటా అనుకుంటారు. కాసేపటికి ఒకరు గ్రూపులోంచి వెళ్లిపోతారు. ఇక పెళ్లి పిలుపులుండవు, పుట్టినరోజు విషెస్ ఉండవు. ఎవరి కోసం కొట్టుకున్నారో ఆ నాయకులు మాత్రం ఏదో ఫంక్షన్‌లో పక్కపక్కనే కూర్చుని నవ్వుకుంటూ కనిపిస్తారు.

అయితే నాయకులే నిజంగా ప్రాణస్నేహితులై, వాళ్లే నిజంగా విడిపోతే? అమెరికా పుట్టిన కొత్తలో అచ్చంగా అదే జరిగింది. ఆ ఇద్దరి పేర్లు జాన్ ఆడమ్స్, థామస్ జెఫర్సన్. ఒకరు ఆ దేశానికి రెండో ప్రెసిడెంట్, ఇంకొకరు మూడో ప్రెసిడెంట్.

పొట్టి లాయరు, పొడుగు దొర

ఆడమ్స్‌ది మసాచుసెట్స్. 1735లో పుట్టాడు. పొట్టిగా, కాస్త లావుగా ఉండే లాయరు. నోరు తెరిస్తే ఆపడం కష్టం, కోపమొస్తే ఎదుట ఎవరున్నారో చూడడు. జెఫర్సన్ వర్జీనియాలో పెద్ద భూస్వామి. ఆడమ్స్ కంటే ఏడున్నరేళ్లు చిన్న. బాగా పొడగరి. సభలో నిలబడి మాట్లాడమంటే ఇబ్బందిపడేవాడు కానీ కలం పట్టుకుంటే తిరుగులేదు.

1775లో ఫిలడెల్ఫియాలో జరిగిన కాంగ్రెస్‌లో వీళ్లిద్దరూ కలిశారు. మరుసటి ఏడాది స్వాతంత్ర్య ప్రకటన రాయడానికి ఐదుగురితో కమిటీ వేస్తే ఇద్దరూ అందులో ఉన్నారు. రాసింది జెఫర్సన్, సభలో దాని కోసం గట్టిగా వాదించింది ఆడమ్స్. అసలు రాసే పని జెఫర్సన్‌కి ఎలా వచ్చిందనే దానిమీద కూడా ఇద్దరూ తర్వాత రెండు రకాలుగా చెప్పారు. 'నేనే ఒప్పించి రాయించాను, నాకంటే బాగా రాస్తాడని' అనేది ఆడమ్స్ వెర్షన్. 'కమిటీ మొత్తం నన్నే రాయమంది' అనేది జెఫర్సన్ వెర్షన్. క్రెడిట్ ఎవరిదనే గొడవ ఇప్పటి టీమ్ మీటింగుల్లోనే కాదు, అప్పుడూ ఉంది.

స్నేహం బాగా ముదిరింది మాత్రం యూరప్‌లో. 1784లో ఇద్దరూ అమెరికా తరఫున పారిస్‌లో పనిచేశారు. అప్పటికి జెఫర్సన్ భార్య చనిపోయి రెండేళ్లు. ఆడమ్స్ భార్య అబిగెయిల్ ఆయన్ని ఇంటి మనిషిలా చూసుకుంది. 1786లో ఇద్దరు మిత్రులూ ఇంగ్లండ్‌లో తోటలు చూస్తూ తిరిగారు. షేక్‌స్పియర్ ఇంటికి వెళ్లి, ఆయన కూర్చున్నదని చూపించిన కుర్చీలోంచి గుర్తుగా ఓ చెక్కముక్క కూడా కోసుకున్నారు. టూరిస్టు ప్లేసుల్లో గోడల మీద పేర్లు చెక్కే మనవాళ్లు ఇది చదివితే సంబరపడతారేమో!

కొత్త దేశం, పాత స్నేహం

1789లో జార్జ్ వాషింగ్టన్ మొదటి ప్రెసిడెంట్ అయ్యాడు. ఆడమ్స్ వైస్ ప్రెసిడెంట్, జెఫర్సన్ విదేశాంగ మంత్రి, కుర్రాడైన అలెగ్జాండర్ హామిల్టన్ ఆర్థిక మంత్రి. బ్రిటిష్ వాళ్లని తరిమేవరకూ అందరిదీ ఒకటే మాట. తర్వాత దేశాన్ని ఎలా నడపాలన్న దగ్గర మాట రెండైంది.

కేంద్రం బలంగా ఉండాలి, జాతీయ బ్యాంకు కావాలి, రాష్ట్రాల అప్పులు కేంద్రమే తీసుకోవాలి అన్నాడు హామిల్టన్. అలాగైతే రాజు పోయి మళ్లీ రాజే వచ్చినట్టని జెఫర్సన్ భయం. ఆడమ్స్ పూర్తిగా హామిల్టన్ మనిషి కాదు. నిజానికి తర్వాత్తర్వాత ఆ ఇద్దరికీ అస్సలు పడలేదు. కానీ జనం ఆవేశాన్ని అదుపులో ఉంచే బలమైన ప్రభుత్వం కావాలని ఆడమ్స్ నమ్మాడు. ఫ్రెంచ్ విప్లవం జెఫర్సన్‌కి కొత్త ఉదయంలా కనిపిస్తే, ఆడమ్స్‌కి ముందు ముందు పారే రక్తం కనిపించింది. దీనికి తోడు ప్రెసిడెంట్‌ని రాజుల్లా పెద్ద బిరుదుతో పిలవాలని ఆడమ్స్ పట్టుబట్టి నవ్వులపాలయ్యాడు.

1791లో మొదటి దెబ్బ తగిలింది. థామస్ పెయిన్ పుస్తకం ఒకటి అందిస్తూ జెఫర్సన్ ఓ చిన్న చీటీ రాశాడు. ఈ మధ్య తలెత్తిన తప్పుడు రాజకీయ సిద్ధాంతాలకు ఇది జవాబు అని దాని అర్థం. పబ్లిషర్ ఆ చీటీని అడక్కుండా పుస్తకం ముందు అచ్చేశాడు. ఆ మాటలు ఎవరినుద్దేశించినవో అందరికీ అర్థమైపోయింది. పర్సనల్ మెసేజ్ స్క్రీన్‌షాట్ బయటికొచ్చినట్టే! జెఫర్సన్ సంజాయిషీ రాశాడు, ఆడమ్స్ సరేనన్నాడు. కానీ ముల్లు లోపలే ఉండిపోయింది.

రాజ్యాంగంలోనే బగ్

అప్పటి రాజ్యాంగం ప్రకారం ప్రెసిడెంట్ ఎన్నికలో ఫస్ట్ వచ్చినవాళ్లు ప్రెసిడెంట్, సెకండ్ వచ్చినవాళ్లు వైస్ ప్రెసిడెంట్. పార్టీలనేవి ఉంటాయని రాసినవాళ్లు ఊహించలేదు. సాఫ్ట్‌వేర్ భాషలో చెప్పాలంటే డిజైన్‌లోనే బగ్. 1796లో అది బయటపడింది. ఆడమ్స్‌కి 71 ఓట్లు, జెఫర్సన్‌కి 68. ప్రత్యర్థి పార్టీ నాయకుడే వైస్ ప్రెసిడెంట్ అయి కూర్చున్నాడు. నాలుగేళ్లు ఒకే ప్రభుత్వంలో రెండు దారులు.

1798లో ఆడమ్స్ ప్రభుత్వాన్ని విమర్శిస్తే జైల్లో పెట్టే చట్టం మీద సంతకం చేశాడు. ఆయన జీవితంలో అదో పెద్ద మచ్చ. అటు జెఫర్సన్ కూడా కడిగిన ముత్యమేం కాదు. ఆడమ్స్‌ని ఇష్టమొచ్చినట్టు తిట్టే కాలెండర్ అనే పాత్రికేయుడికి చాటుగా డబ్బులిచ్చాడు. ఆ చట్టం కిందే జైలుకెళ్లిన కాలెండర్, తను కోరిన ఉద్యోగం రాలేదని 1802లో జెఫర్సన్ మీదకే తిరగబడ్డాడు. జెఫర్సన్‌కి తన బానిస శాలీ హెమింగ్స్ ద్వారా పిల్లలున్నారని పేపర్‌లో రాశాడు. అది నిజమేనని నేడు చాలామంది చరిత్రకారులు ఒప్పుకుంటున్నారు.

1800 ఎన్నికలో ఆడమ్స్ ఓడిపోయాడు. జెఫర్సన్‌కీ, అదే పార్టీకి చెందిన ఆరన్ బర్‌కీ చెరి 73 ఓట్లు వచ్చాయి. మళ్లీ అదే బగ్! ప్రతినిధుల సభ 36 సార్లు ఓటేశాక గానీ జెఫర్సన్ గెలుపు తేలలేదు. జెఫర్సన్‌తో బద్ధవైరం ఉన్న హామిల్టన్ కూడా బర్ కంటే ఈయనే నయమని తనవాళ్లకు చెప్పాడు. 1804లో రాజ్యాంగ సవరణతో ఆ బగ్ ఫిక్స్ చేశారు. అదే ఏడాది జూలైలో బర్ పిస్టల్ ద్వంద్వయుద్ధంలో హామిల్టన్‌ని కాల్చి చంపాడు. ఆ తరం నాయకుల పగలు అంతదాకా వెళ్లాయి.

1801 మార్చి 4న జెఫర్సన్ ప్రమాణ స్వీకారం. ఆడమ్స్ ఆ రోజు తెల్లవారుజామున 4 గంటలకే బండెక్కి ఊరు వదిలి వెళ్లిపోయాడు. ఆ నెల్లో ఒకటి రెండు పొడిపొడి ఉత్తరాలు నడిచాయి. ఆ తర్వాత దాదాపు పదకొండేళ్లు ఇద్దరి మధ్యా ఒక్క అక్షరం లేదు.

మధ్యవర్తి ఒక డాక్టరు

1804లో జెఫర్సన్ కూతురు పాలీ చనిపోయింది. చిన్నప్పుడు లండన్‌లో కొన్నాళ్లు తన దగ్గరున్న పిల్ల కావడంతో అబిగెయిల్ మనసాగక పలకరిస్తూ ఉత్తరం రాసింది. జెఫర్సన్ కృతజ్ఞతగా జవాబిస్తూనే, పదవి దిగేముందు మీ ఆయన నా ప్రత్యర్థుల్ని జడ్జీలుగా వేసి వెళ్లడం నొప్పించిందని ఓ మాట కలిపాడు. ఆమె కాలెండర్ సంగతి ఎత్తింది. నువ్వు ఇది చేశావంటే నువ్వు అది చేశావని కొన్ని ఉత్తరాలు నడిచి, తలుపు మళ్లీ మూసుకుపోయింది. తప్పెవరిదో తేల్చుకుందామని కూర్చుంటే ఏమవుతుందో ఇక్కడ తెలిసిపోతుంది.

ఫిలడెల్ఫియాలో బెంజమిన్ రష్ అనే డాక్టరున్నాడు. స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకం చేసినవాళ్లలో ఒకడు, ఇద్దరికీ మిత్రుడు. 1809లో ఆడమ్స్‌కి ఓ ఉత్తరం రాస్తూ, తనకో కలొచ్చిందన్నాడు. కలలో ఆడమ్స్ చొరవ తీసుకుని జెఫర్సన్‌కి ఉత్తరం రాస్తాడు, ఇద్దరూ కలిసిపోతారు. ఆడమ్స్ ఆ కలను మెచ్చుకున్నాడు కానీ కదల్లేదు. రష్ వదల్లేదు. అటు జెఫర్సన్‌కీ రాశాడు. రెండేళ్లు గడిచాయి. 1811లో జెఫర్సన్ పొరుగువాళ్లు ఇద్దరు ఆడమ్స్‌ని చూడ్డానికి వెళ్తే, మాటల మధ్యలో ఆయన 'జెఫర్సన్ అంటే నాకెప్పుడూ ఇష్టమే, ఇప్పటికీ ఇష్టమే' అనేశాడు. ఆ మాట జెఫర్సన్ చెవిన పడింది. ఆయన అది రష్‌కి రాశాడు, రష్ ఆడమ్స్‌కి చేరవేశాడు.

రష్ పంచాయితీ పెట్టలేదు. ఎవరిది తప్పో అడగలేదు. ఒకరి గురించి ఇంకొకరు అన్న మంచి మాటల్ని మాత్రమే అటూ ఇటూ మోశాడు. అబిగెయిల్ ఉత్తరాల వల్ల కానిది ఇలా అయింది.

1812 జనవరి 1న ఆడమ్స్ చిన్న ఉత్తరం రాశాడు. ఇంట్లో నేసిన ఖద్దరు ముక్కలు రెండు పంపుతున్నానని అందులో ఉంది. పార్శిల్ కంటే ఉత్తరం ముందు చేరింది. జెఫర్సన్ నిజంగా బట్టలే అనుకుని, వర్జీనియా ఇళ్లల్లో నూలు వడకడం, నేయడం గురించి సీరియస్‌గా జవాబు రాసేశాడు. తర్వాత పార్శిల్ విప్పితే రెండు పుస్తకాలు! ఆడమ్స్ కొడుకు జాన్ క్విన్సీ ఆడమ్స్ ఉపన్యాసాలవి. జోకు అర్థం కాకపోయినా పదకొండేళ్ల మౌనం మాత్రం ముగిసింది. ఏడాది తిరిగాక 1813లో రష్ కన్నుమూశాడు.

లీకైన పాత ఉత్తరాలు

అప్పటినుంచి పద్నాలుగేళ్లలో 158 ఉత్తరాలు నడిచాయి. వాటిలో 109 ఆడమ్స్‌వి, 49 జెఫర్సన్‌వి. రెండుకి ఒకటి జవాబు కూడా రాలేదన్నమాట. ఆడమ్స్ లెక్కపెట్టుకుని అలగలేదు. ఒకరికొకరు విడమరచి చెప్పుకోకుండా చావకూడదని ఆయన రాశాడు. మతం, గ్రీకు పుస్తకాలు, విప్లవం, ముసలితనం.. అన్నీ మాట్లాడుకున్నారు. అభిప్రాయాలు మాత్రం పెద్దగా మారలేదు.

అసలు పరీక్ష 1823లో ఎదురైంది. మాటల్లేని కాలంలో ఆడమ్స్ ఓ బంధువుకి రాసిన ఉత్తరాల్లో జెఫర్సన్‌ని తిట్టిపోశాడు. ఆ బంధువు కొడుకు వాటిని అచ్చేయించాడు. ఈసారి ఆడమ్స్ వంతు! జెఫర్సన్ వాటిమీద సంజాయిషీ అడగలేదు. తనే ముందు కలం తీసుకుని, ఈ వయసులో ఎవరో వచ్చి మన అర్ధశతాబ్దపు స్నేహాన్ని చెడగొట్టగలరా, ఆ సంగతి మనసులోంచి తీసెయ్యండని రాశాడు. ఆడమ్స్ ఇంట్లో టిఫిన్ దగ్గర ఆ ఉత్తరం పైకి చదివి వినిపిస్తే, ఇంతకంటే మంచి ఉత్తరం ఎవరూ రాసి ఉండరని అక్కడున్నవాళ్లంతా అన్నారట.

మాట్లాడుకోని విషయం

ఇక్కడితో ఆపేస్తే కథ తియ్యగా ఉంటుంది కానీ పూర్తికాదు. స్వేచ్ఛ గురించి రాసిన జెఫర్సన్ చేతికింద ఆయన జీవితకాలంలో 600 మందికి పైగా బానిసలున్నారు. ఆడమ్స్ ఒక్కరిని కూడా బానిసగా ఉంచుకోలేదు. అయినా బానిసత్వం మీద మాత్రం ఆడమ్స్ స్నేహితుణ్ని గట్టిగా నిలదీయలేదు. అది దక్షిణాది వాళ్లే తేల్చుకోవాలని వదిలేశాడు. ఆ మౌనం స్నేహాన్ని కాపాడి ఉండొచ్చు. కానీ జెఫర్సన్ పోయిన ఆరు నెలలకు, 1827 జనవరిలో, ఆయన అప్పులు తీర్చడానికి 130 మంది మనుషుల్ని వేలానికి పెట్టారు. 1861లో ఇదే సమస్య దేశాన్ని అంతర్యుద్ధంలోకి తోసింది. ఏ విషయం పక్కన పెట్టాలో, ఏది పక్కన పెట్టకూడదో తెలియడం స్నేహంలో కష్టమైన పని. వీళ్లు సగమే పాసయ్యారు.

1826 జూలై 4న, స్వాతంత్ర్య ప్రకటనకు సరిగ్గా 50 ఏళ్లు నిండిన రోజున, ఇద్దరూ చనిపోయారు. 83 ఏళ్ల జెఫర్సన్ మధ్యాహ్నం పోయాడు. 90 ఏళ్ల ఆడమ్స్‌కి ఆ కబురు తెలియదు. జెఫర్సన్ ఇంకా ఉన్నాడని గొణిగి, సాయంత్రం కన్నుమూశాడని చెబుతారు.

అమెరికాలో ఉండే మనవాళ్లకు జూలై 4 అంటే బాణసంచా, లాంగ్ వీకెండ్. వీలైతే ఓసారి వర్జీనియాలో జెఫర్సన్ ఇల్లు మాంటిచెల్లో, బోస్టన్ పక్కన క్విన్సీలో ఆడమ్స్ ఇల్లు చూసి రండి.  ఇక్కడున్నవాళ్లకు అంత ప్రయాణం అక్కర్లేదు. మీ ఫ్రెండ్స్‌లో మాటల్లేని ఇద్దరు ఉండే ఉంటారు. ఒకరు ఇంకొకరి గురించి అన్న మంచి మాట మీ చెవిన పడితే, దాన్ని అవతలివాళ్లకు చేరవేయండి. డాక్టర్ రష్ చేసింది అంతే.