చలనచిత్రపు కూర్పరి

చలనచిత్రమును జూచి వచ్చినవారు నటులను గొనియాడుదురు. గాయకుల కంఠమును మెచ్చుకొందురు. కెమేరాలు పట్టిన తునుకల నన్నిటిని బరిశీలించి, కత్తిరించి, యతికి, చిత్రమునకు రూపు దెచ్చిన కూర్పరిని దలంచువా రరుదు. ఇట్టివారినే ఎడిటరు లందురు. దండలోని దారమువలె వీరి పని పైకి గానరాదు.

కథాచిత్రమున నొక ఘట్టమును బదిసార్లయినను నటింపజేయవచ్చును. పాటకచ్చేరి యట్టిది కాదు. అది యొక్కమారే జరుగును. కావున బెక్కు కెమేరా లేకకాలమున బనిచేయును. పాట వేఱొక యంత్రమున నెక్కును. ఈ రెండింటిని గలుపుటయే కూర్పరి మొదటి పని. పెదవి కదలికకును ధ్వనికిని రవంత తేడా వచ్చినను చూపరులు కనిపెట్టుదురు. ఇందులకై చిత్రణవేళ నొక పలకను జప్పు డగునట్లు కొట్టుదురు. పలక తాకిన బొమ్మను, ఆ చప్పుడును సరిపోల్చినచో రెండును గలియును.

ఈ చిన్నపని విడిచిన నెంత చిక్కు గలుగునో వినుడు. 1972 జనవరి 13, 14 తేదీలలో లాస్ ఏంజెలిస్ నగరమునందలి యొక క్రైస్తవ దేవాలయమున అరీతా ఫ్రాంక్లిన్ అను గాయని భక్తిగీతములు పాడెను. సిడ్నీ పొలాక్ దానిని జిత్రించెను గాని పలక కొట్టించలేదు. పాటలు ఆ యేడే రికార్డులుగా వెలువడెను. చిత్రము ధ్వనితో గలియక మూలబడెను. పిమ్మట కంప్యూటరు సాయమున రెండును గలిపిరి. గాయని యభ్యంతరముచే మఱికొంత యాలస్యమై, 'అమేజింగ్ గ్రేస్' 2018 నవంబరున బ్రదర్శింపబడెను. అప్పటికి పొలాక్ గతించి పదియేండ్లయ్యెను. గాయనియు నా యేటి ఆగస్టుననే మరణించెను.

ఈ వృత్తిలో బేరొందినవారిలో థెల్మా స్కూన్‌మేకర్ యొకతె. ఈమె 1940లో అల్జీర్సున జన్మించిన అమెరికా వనిత. న్యూయార్కు విశ్వవిద్యాలయమున వేసవి తరగతిలో జేరి, అచట మార్టిన్ స్కోర్సేసీకి దోడ్పడెను. 1969 ఆగస్టులో న్యూయార్కు రాష్ట్రమునందలి బెతెల్ గ్రామ పొలములలో జరిగిన సంగీతోత్సవమునకు నాలుగు లక్షలమంది వచ్చిరి. ఆ చిత్రములరాశినుండి 'వుడ్‌స్టాక్' మూడుగంటల చిత్రముగా 1970లో వెలువడెను. అందు దెరను రెండు మూడు భాగములు గావించి, గాయకుని, శ్రోతలను నొక్కసారే చూపిరి. కూర్పునకై యీమె పేరు ఆస్కారు బహుమానమునకు సూచింపబడెను.

అయినను గూర్పరుల సంఘమున సభ్యత్వము దొరకక, తరువాతి పెక్కేండ్లు హాలీవుడ్ పెద్ద చిత్రములకు బనిచేయజాలకపోయెను. ఆమె వృత్తిని విడువలేదు. సంఘద్వారము తెఱచిన పిదప 1980 నాటి 'రేజింగ్ బుల్' చిత్రమునకు ఆస్కారు బడసెను. మఱి రెండు తరువాత లభించెను.

బాలబాలికలారా! ఈ విద్యకు గత్తెర యొకటియే చాలదు. తాళము నెఱిగిన చెవి కావలెను. బొమ్మ నెప్పుడు మార్చవలయునో, ఎప్పుడు మార్చక గాయకుని ముఖమునే చూపవలయునో తెలిసిన నిదానము కావలెను. అన్నింటికంటె, తన పేరు వినబడకున్నను బనిని జక్కగా ముగించు నోరిమి కావలెను.