ఆన్‌లైన్ క్రీడల్లో ఔషధ పానీయాల తయారీ: లాభగణన పద్ధతి – పరిశీలన

వ్యాససంగ్రహం:

ఆన్‌లైన్ క్రీడాలోకాల్లో మూలికలు సేకరించి, పానీయాలు కాచి, విపణిలో అమ్మడం ఒక ప్రధాన వృత్తి. ఈ వృత్తిలో లాభాన్ని లెక్కించేటప్పుడు క్రీడాకారులు సాధారణంగా చేసే పొరపాట్లను, వాటి వెనుకనున్న ఆర్థిక భావనలను ఈ వ్యాసం వివరిస్తుంది. ‘ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్’ క్రీడలోని ప్రార్థనా పానీయం ప్రధాన ఉదాహరణ. ‘వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్’, ‘బ్లాక్ డెజర్ట్’ క్రీడలు తులనాత్మకంగా ప్రస్తావనకు వస్తాయి. ఉదాహరణల్లోని ధరలు గణనపద్ధతిని చూపడానికి ఊహించినవి. ఆ క్రీడల్లో ధరలు గంటగంటకూ మారుతుంటాయి.

కీలకపదాలు: ఆన్‌లైన్ క్రీడలు, ఔషధ పానీయాలు, అవకాశ వ్యయం, విపణి పన్ను, అనుభవాంకాలు, లాభగణన.

1. ఉపోద్ఘాతం

క్రీడాలోకపు ఆర్థికవ్యవస్థను పండితులు పరిశీలించడం కొత్త విషయం కాదు. ‘ఎవర్‌క్వెస్ట్’ క్రీడలోని నోరాత్ అనే కల్పిత లోకాన్ని ఒక దేశంగా భావించి, దాని ద్రవ్య మారకపు రేటును, తలసరి ఉత్పత్తిని అంచనా కట్టిన ఎడ్వర్డ్ కాస్ట్రోనోవా పత్రం 2001లోనే వెలువడింది. అటువంటి అధ్యయనాలు లోకాన్ని పైనుంచి చూస్తాయి. కింద, ఒక్కొక్క సీసా దగ్గర కూర్చున్న తయారీదారుడి చిట్టా మాత్రం అంతగా పరిశీలనకు నోచుకోలేదు. అతడు లాభమని భావిస్తున్నది నిజంగా లాభమేనా అన్న ప్రశ్న చిన్నదిగా కనిపించినా, శ్రమకు విలువ కట్టే పద్ధతిని గురించిన పెద్ద ప్రశ్న అందులో ఇమిడి ఉంది.

2. పానీయం తయారయ్యే క్రమం

‘ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్’ 2013లో ప్రారంభమైంది. క్రీడాకారులందరూ కొనుగోలు, అమ్మకాలు జరిపే ‘గ్రాండ్ ఎక్స్ఛేంజ్’ అనే కేంద్ర విపణి 2015లో దానికి చేరింది. మూలికావిద్యను అక్కడ ‘హెర్బ్‌లోర్’ అంటారు. శుభ్రం చేసిన మూలికను నీళ్లసీసాలో వేస్తే అసంపూర్ణ పానీయం అవుతుంది. దానికి మరో ద్రవ్యం చేరిస్తే మూడు మోతాదుల పూర్తి పానీయం సిద్ధమవుతుంది. ప్రార్థనా పానీయానికి ‘రనార్’ అనే మూలిక, ‘స్నేప్ గ్రాస్’ అనే గడ్డి కావాలి. దీన్ని చేయడానికి హెర్బ్‌లోర్‌లో 38వ స్థాయి ఉండాలి. ఒక్కో సీసాకు 87.5 అనుభవాంకాలు లభిస్తాయి. ఈ చివరి సంఖ్య ఆటలో పురోగతిని కొలిచేది మాత్రమే అనిపిస్తుంది గాని, లాభనష్టాల లెక్కను తలకిందులు చేసేది అదే.

3. సీసా లెక్క, మోతాదు లెక్క

రనార్ ధర 6,000 నాణేలు, గడ్డి 400, నీళ్లసీసా 10 అనుకుందాం. మొత్తం పెట్టుబడి 6,410. మూడు మోతాదుల సీసా విపణిలో 6,300కు, నాలుగు మోతాదుల సీసా 8,700కు అమ్ముడవుతున్నాయనుకుందాం. గ్రాండ్ ఎక్స్ఛేంజ్‌లో అమ్మకందారుడు పన్ను చెల్లించాలి. 2021లో 1 శాతంగా మొదలైన ఈ పన్ను 2025లో 2 శాతమైంది. మూడు మోతాదుల సీసాకు పన్ను 126 నాణేలు పోగా చేతికి వచ్చేది 6,174. అంటే సీసాకు 236 నాణేల నష్టం.

ఈ దశలోనే చాలామంది ‘ఇది గిట్టుబాటు కాదు’ అని వదిలేస్తారు. సీసాను కొలమానంగా తీసుకోవడమే ఇక్కడి లోపం. విపణి పక్కనే పానీయాలను ఒక సీసా నుంచి మరో సీసాలోకి ఉచితంగా సర్దిపెట్టే పాత్ర ఉంది. మూడు మోతాదుల సీసాలు నాలుగు ఇస్తే, నాలుగు మోతాదుల సీసాలు మూడు తిరిగివస్తాయి. కాబట్టి అమ్మే సరుకు సీసా కాదు, మోతాదు. నాలుగు మోతాదుల సీసా అమ్మితే 174 నాణేల పన్ను పోగా 8,526 మిగులుతాయి, మోతాదుకు 2,131.5. తయారైన మూడు మోతాదులకు 6,394.5. నష్టం 236 నుంచి 15.5కు తగ్గింది. సరుకు మారలేదు, శ్రమ దాదాపు మారలేదు. యుద్ధానికి వెళ్లే క్రీడాకారుడి సంచిలో చోటు పరిమితం గనుక, ఒకే గడిలో ఎక్కువ మోతాదులు ఇమిడే సీసాకు అతడు కాస్త ఎక్కువ ధర పెడతాడు. ఆ తేడాయే సర్దుబాటు చేసేవాడికి దక్కుతుంది.

వేర్వేరు పరిమాణాలను ఒకే ప్రమాణానికి తెచ్చి పోల్చడమనే పద్ధతి తెలుగువారి గణిత సంప్రదాయానికి చిరపరిచితమే. 9వ శతాబ్దపు మహావీరాచార్యుని గణితసారసంగ్రహంలో మిశ్రక వ్యవహారం ఒక అధ్యాయం. ఆ గ్రంథాన్నే పావులూరి మల్లన తెనిగించాడు. వన్నె వేరువేరుగా ఉన్న బంగారాలను కలిపినప్పుడు వచ్చే వన్నెను కనుక్కునే లెక్కకూ, మోతాదుల లెక్కకూ తర్కం ఒక్కటే.

4. సంభావ్యత

‘అమ్యులెట్ ఆఫ్ కెమిస్ట్రీ’ అనే కంఠాభరణం ధరించి పానీయం చేస్తే, మూడుకు బదులు నాలుగు మోతాదులు వచ్చే అవకాశం 5 శాతం. అంటే దీర్ఘకాలంలో సీసాకు సగటున 3.05 మోతాదులు. పై ధరల్లో ఇది 6,501 నాణేల చిల్లర. పెట్టుబడి పోగా సుమారు 91 నాణేల లాభం. అయితే ఆభరణం కొన్నిసార్లు పనిచేశాక విరిగిపోతుంది. అది పనిచేసిన ఒక్కో పర్యాయానికి 300 నాణేల ఖర్చు పడుతుందనుకుంటే, సీసాకు సగటున పడే భారం 15 నాణేలు. నికరంగా మిగిలేది 76. అదృష్టం కలిసొచ్చిన రోజు ఫలితాన్ని చూసి ఈ వృత్తి లాభసాటి అని నిర్ణయించుకోవడం, పది సీసాల్లో ఒక్కటీ ఫలించలేదని ఆభరణాన్ని పారేయడం రెండూ సమానమైన తప్పులే. పది సీసాల్లో ఒక్కసారీ ఫలించకపోయే అవకాశం దాదాపు 60 శాతం ఉంటుంది మరి.

5. ‘సొంత మూలిక’ ఉచితమా?

క్రీడాకారుల లెక్కల్లో తరచుగా కనిపించే భ్రమ ఇది. తన తోటలో రనార్ పండించుకున్నవాడు దాని ధరను సున్నాగా వేసుకుని, సీసాకు ఆరువేలు లాభమని సంబరపడతాడు. నిజానికి ఆ మూలికను పానీయంలో వేసిన క్షణాన అతడు దాన్ని అమ్ముకునే అవకాశాన్ని వదులుకున్నాడు. అమ్మి ఉంటే పన్ను పోగా 5,880 వచ్చేవి. అదే దాని అవకాశ వ్యయం. పంట మీది లాభం పంట ఖాతాలోకి, కాపు మీది లాభం కాపు ఖాతాలోకి వెళ్లాలి. రెండింటినీ కలిపేస్తే నష్టపు కాపును లాభపు పంట మోస్తున్న సంగతి కనబడదు. సొంత పొలం ధాన్యం ఆడించి బియ్యం అమ్మే రైతుకు మిల్లు వల్ల ఎంత మిగిలిందో తెలియాలంటే, ధాన్యానికి ఆనాటి బజారు ధర కట్టక తప్పదు కదా.

అయితే ఇక్కడ ఒక సూక్ష్మం ఉంది. కొనేవాడికి మూలిక 6,000, పండించినవాడికి 5,880. ఈ 120 నాణేల తేడా పన్ను వల్ల పుట్టింది. పండించి తానే పానీయం చేసినవాడి మూలిక విపణి గడప తొక్కలేదు గనుక దాని మీద పన్ను లేదు. అతడి పెట్టుబడి 6,290. ఆభరణం లేకుండానే, మోతాదు లెక్కన సీసాకు 104.5 నాణేల లాభం. కొనేవాడికి 15.5 నష్టమిచ్చిన పానీయమే ఇతడికి లాభమిచ్చింది. కాబట్టి ‘సొంత మూలిక ఉచితం’ అనేది తప్పే అయినా, ‘సొంత మూలిక వల్ల మేలు లేదు’ అనడమూ తప్పే. ఆ మేలు పన్నుకు సమానం, అంతకు మించి కాదు.

‘బ్లాక్ డెజర్ట్’లో ఈ తేడా మరింత కొట్టొచ్చినట్లు కనబడుతుంది. అక్కడి కేంద్ర విపణిలో అమ్మకందారుడికి మూలంగా దక్కేది ధరలో 65 శాతమే. ‘వేల్యూ ప్యాక్’ అనే కాలపరిమితి గల సౌకర్యం ఉంటే 84.5 శాతం. ఆ క్రీడలో పనివాళ్ల అలసట తీర్చేది బీరు. బీరు విపణి ధర 2,000, తయారీ ఖర్చు 1,500 అనుకుంటే, సౌకర్యం లేనివాడు అమ్మితే 200 నష్టం, ఉన్నవాడు అమ్మితే 190 లాభం, ఎవరైనా సరే కొనుక్కోవడానికి బదులు కాచి తన పనివాళ్లకే పోస్తే 500 ఆదా. ఒకే పాత్రలో ఒకే పాకంతో కాచిన పానీయానికి మూడు లెక్కలు. ‘బీరు కాయడం లాభమా?’ అన్న ప్రశ్నకు, ఎవరికి, దేనికి అన్నది తెలియకుండా జవాబు లేదు.

6. నష్టానికి అమ్మేవారు ఎందుకున్నారు?

హెర్బ్‌లోర్‌లో తరచుగా పూర్తి పానీయం ధర దాని ముడిసరుకుల ధర కంటే తక్కువగా ఉంటుంది. సామాన్య వాణిజ్యతర్కం ప్రకారం నష్టం వచ్చేచోట తయారీ ఆగిపోవాలి, సరుకు తగ్గాలి, ధర పెరగాలి. ఇక్కడ అలా జరగదు. ఎందుకంటే తయారీదారుడు రెండు వస్తువులు ఉత్పత్తి చేస్తున్నాడు: ఒకటి పానీయం, రెండోది అనుభవాంకం. మొదటిది అమ్ముకోవచ్చు, రెండోది అమ్మడానికి వీల్లేదు, కాని అతడికి కావలసింది అదే. 99వ స్థాయి చేరడానికి 1,30,34,431 అనుభవాంకాలు కావాలి. అందుకోసం అతడు పానీయం మీద నష్టాన్ని విద్యాభ్యాసపు రుసుముగా భరిస్తాడు.

ఈ దృష్టితో చూస్తే ప్రశ్న మారిపోతుంది. ‘ఎంత లాభం?’ అన్న చోట ‘ఒక్కో అనుభవాంకం ఎంతకు పడింది?’ అని అడగాలి. సీసాల లెక్కన 236 నష్టాన్ని 87.5తో భాగిస్తే అనుభవాంకం దాదాపు 2.7 నాణేలు. మోతాదు లెక్కన 15.5 నష్టమైతే 0.18 నాణేలు. ఒకే విద్యకు ఒకడు మరొకడి కంటే 15 రెట్లకు పైగా రుసుము కడుతున్నాడన్నమాట, అదీ సీసాలు సర్దుకోనందుకు.

ఇదే తర్కాన్ని ధ్రువీకరించే దశ మరొకటుంది. మూలికను నీళ్లసీసాలో వేసి అసంపూర్ణ పానీయం చేసినందుకు ఒక్క అనుభవాంకమూ రాదు. వస్తే రానీ అనుకుని నష్టానికి చేసేవాడు అక్కడ ఎవడూ ఉండడు. అందువల్ల ఆ దశలో ధర ముడిసరుకుల కంటే కొంచెం ఎక్కువగానే నిలుస్తుంది. ఆ కాస్త తేడా విసుగు పుట్టించే పనికి విపణి ఇచ్చే కూలి. విద్య దక్కే చోట కూలి దక్కదు, కూలి దక్కే చోట విద్య దక్కదు. కనుక మిగులు కోసమే కూర్చున్నవాడు పానీయాన్ని పూర్తిచేయకుండానే అమ్మడం మేలైన సందర్భాలు ఉంటాయి. ప్రతి దశలోనూ ‘ఇక్కడే ఆగి అమ్మితే ఎంత?’ అని విడిగా లెక్క వేసుకోవాలి.

7. అమ్ముడుపోని సరుకు

‘వరల్డ్ ఆఫ్ వార్‌క్రాఫ్ట్’ వేలంశాలలో అమ్మకం మీద 5 శాతం కోత ఉంటుంది. దానితో పాటు సరుకు పెట్టేటప్పుడు ధరావతు కట్టాలి. సరుకు అమ్ముడుపోకపోతే అది తిరిగిరాదు. 95 నాణేల ఖర్చుతో చేసిన పానీయాన్ని 100కు అమ్మితే కోత పోగా పెట్టుబడి వస్తుంది. కాని మూడుసార్లు పెడితే గాని ఒకసారి అమ్ముడుపోని పరిస్థితిలో, ధరావతు ఒక నాణెమైనా రెండు నాణేలు పోయినట్లే. ఖర్చు 97 అవుతుంది. గిట్టుబాటు ధర 102 దాటుతుంది. బంగారు నగల దుకాణంలో తరుగు, మజూరీ అడగకుండా ధర ఒప్పుకోనివారు కూడా క్రీడలో ఈ తరుగును మరచిపోతుంటారు.

8. గంటల లెక్క

సీసా మీద 76 నాణేల లాభం ఉన్న తయారీదారుడు గంటకు 2,000 సీసాలు చేయగలడనుకుంటే, గంటకు సుమారు 1,52,000 నాణేలు. ఇది చిన్న మొత్తమా, పెద్ద మొత్తమా? ‘ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్’లో దీన్ని కొలవడానికి ఒక గట్టి ప్రమాణం ఉంది. ‘బాండ్’ అనే వస్తువును ఒక క్రీడాకారుడు నిజమైన డబ్బుతో కొని, మరొకరికి ఆటలోని నాణేలకు అమ్మవచ్చు; కొన్నవాడికి దానితో 14 రోజుల సభ్యత్వం లభిస్తుంది. బాండ్ ధర 1,20,00,000 నాణేలనుకుంటే, దాన్ని పానీయాలతోనే సంపాదించడానికి దాదాపు 79 గంటలు పడుతుంది. 14 రోజుల సభ్యత్వం కోసం రోజుకు ఐదున్నర గంటలకు పైగా సీసాలు నింపాలి. ‘ఆటకు పైసా ఖర్చు పెట్టడం లేదు’ అని చెప్పుకునేవాడి అసలు ఖర్చు ఇది.

ఆ 79 గంటలైనా లెక్క ప్రకారం సాగుతాయని చెప్పలేం. 1,57,000కు పైగా రనార్ మూలికలు కావాలి. గ్రాండ్ ఎక్స్ఛేంజ్ ప్రతి వస్తువుకూ నాలుగు గంటల కాలానికి కొనుగోలు పరిమితి విధిస్తుంది. ఇంత పెద్దయెత్తున కొనేవాడి కొనుగోలే మూలిక ధరను పైకి, అతడి అమ్మకమే పానీయం ధరను కిందికి తోస్తాయి. మూలిక ధర 6,000 నుంచి 6,077కు పెరిగితే చాలు, అంటే 1.3 శాతం లోపే, మిగతా ధరలన్నీ అలాగే ఉన్నా ఆ 76 నాణేల లాభం పూర్తిగా హరించుకుపోతుంది.