వింటినారి నుండి తంబురా తీగ వరకు: షేక్ నాజర్ బుర్రకథా ప్రస్థానము

గుంటూరు, ప్రకాశం సీమల నల్లరేగడి నేలలు ప్రత్తికిని మిరపకును పేరెన్నిక గన్నవి. ప్రత్తి పండిన చోట ప్రత్తిని నమ్ముకొని బ్రతుకు వృత్తులును వెలసినవి. వానిలో దూదేకుట ఒకటి. గింజ తీసిన ప్రత్తిని నేలపై పరచి, పెద్ద విల్లును దానిపైకి దింపి, బిగించిన నారిని కొయ్యదిమ్మెతో కొట్టుచుండగా, ఆ నారి అదురునకు దూది విడివడి పింజలు పింజలుగా లేచును. ఈ వృత్తి చేసిన ముస్లిములకే దూదేకులవారనియు, పింజారులనియు పేర్లు వచ్చినవి. మన ప్రాంతమున వీరిలో పెక్కుమంది ఇంటి భాష తెలుగే. మిల్లులు, యంత్రములు వచ్చిన పిదప ఆ వింటినారి చప్పుడు గ్రామములలో సన్నగిల్లినది. కాని ఆ ఇండ్లలో పుట్టిన ఒక కంఠము తెలుగుదేశమంతట మారుమ్రోగినది. అది షేక్ నాజర్ గారి కంఠము.

నాజర్ గారు 1920లో గుంటూరు జిల్లా తాడికొండ సమీపమునగల పొన్నెకల్లు గ్రామమున నిరుపేద దూదేకుల కుటుంబములో జన్మించిరి. బుర్రకథ ఆయనకు తాతతండ్రుల నుండి సంక్రమించిన విద్య కాదు. అయినను ఆ కళకు పితామహుడని ప్రజలు ఆయననే కొనియాడిరి. వంశముననుసరించి కళలు సాగిన సమాజములో, వంశమున లేని కళకు ఒక వ్యక్తి పితామహుడగుట ఎట్లు సంభవించినది? ఈ ప్రశ్నకు సమాధానము వెదకినచో నాజర్ గారి గొప్పతనమే గాక, ఒక జానపద కళ ఏ కారణమున బ్రతుకునో కూడ మనకు బోధపడును.

ముందుగా బుర్రకథ యనగానేమో తెలిసికొందము. కథకుడు భుజమున ధరించు తంబురాకు అడుగున గుండ్రని బుర్ర యుండును. ఆ బుర్రను బట్టియే ఈ కళకు ఆ పేరు వచ్చినదని చెప్పుదురు. ప్రదర్శనమునకు మువ్వురు కావలెను. నడుమ నిలుచువాడు కథకుడు. ఆయన తంబురా మీటుచు, వ్రేళ్ళకు తొడిగిన అందెలను తాళముగా మ్రోయించుచు, కాళ్ళ గజ్జెలు ఘల్లుమన ముందునకు వెనుకకు అడుగులు వేయుచు కథ నడుపును. ఇరుప్రక్కల నిలుచు వంతలిద్దరు డక్కీలు వాయించుచు, 'తందాన తాన' యని వంత పాడుదురు. కథకుడు వచనములో కథను ముందుకు నడపి, రసవంతమైన ఘట్టము రాగానే పాటనందుకొనును. పాట పరాకాష్ఠ నందుకొనగానే మరల మాటలోనికి దిగును. కావుననే గంటల తరబడి సాగు కథయైనను విసుగు పుట్టింపదు.

ఈ కళ యొక్క ఆయువుపట్టు వంతలలో నున్నది. కుడిప్రక్క వంత లోకజ్ఞుడు. వందల ఏండ్ల నాటి కథ జరుగుచుండగా ఆయన అడ్డుతగిలి, నేటి ధరలను, నేటి అధికారులను, నేటి ఎన్నికలను ప్రస్తావించును. అందుచేత ఆయనకు రాజకీయపు వంత యని పేరు. ఎడమప్రక్కవాడు హాస్యపు వంత. ఆయన అమాయకముగా ప్రశ్నించును, తప్పుగా అర్థము చేసికొనును, జనమును నవ్వించును. కథకుడు గతమును చెప్పగా, ఒక వంత దానిని వర్తమానమునకు ముడిపెట్టును, మరియొక వంత శ్రోత మదిలోని సందేహమును తానే అడిగివేయును. చదువురాని శ్రోతకు సైతము కథతోబాటు దాని వ్యాఖ్యానమును అందించు చక్కని ఏర్పాటు ఇది.

ఉర్దూ విభాగమున చదువుకొను మిత్రులకు దాస్తాన్‌గోయీ పరిచితమే. అందు దాస్తాన్‌గో ఒక్కడే కూర్చుండి, కేవలము వాక్చాతుర్యముచేత అమీర్ హమ్జా సాహసములను కన్నులకు కట్టించును. బుర్రకథకుడు నిలువబడి, ఆడుచు పాడుచు, తన మాటకు అడ్డుచెప్పువారిని తన ప్రక్కనే నిలుపుకొని కథ చెప్పును. పద్ధతులు వేరైనను రెండింటికిని ఆధారము ఒక్కటే: ఎదుట కూర్చున్న శ్రోత.

ఈ కళకు పూర్వరూపము జంగము కథ. జంగములు ఊరూర తిరిగి శివకథలు, వీరగాథలు, పతివ్రతల కథలు చెప్పి, గృహస్థులిచ్చు ధాన్యముతో జీవించెడివారు. భక్తితో వినువారికి ఆ కథలు సంతృప్తి నిచ్చినవి. కాని వానిలో శ్రోత యొక్క నేటి బ్రతుకునకు చోటు తక్కువ. ఆ చోటు కల్పించిన కాలము 1940 ప్రాంతము.

బాల్యముననే నాటకములలో వేషములు కట్టి, సంగీతము నేర్చిన నాజర్ గారికి రంగస్థలము కొత్త కాదు. రెండవ ప్రపంచ యుద్ధకాలమున వంగదేశమును 1943లో ఘోరమైన కరవు పీడించినది. అందు మరణించినవారు సుమారు 30 లక్షలమంది యని ఆర్థికవేత్తల అంచనా. అదే సంవత్సరము అఖిల భారత స్థాయిలో ప్రజానాటక సంఘము ఏర్పడగా, మన రాష్ట్రమున డాక్టరు గరికపాటి రాజారావు గారి వంటివారి నాయకత్వమున ప్రజానాట్యమండలి వెలసినది. 'మా భూమి' వంటి నాటకములతోబాటు ఆ మండలి చేపట్టిన ముఖ్య సాధనము బుర్రకథ. కారణము సులభగ్రాహ్యము. నాటకమునకు తెరలు, వేషములు, పదిమంది నటులు కావలెను. బుర్రకథకు మువ్వురు మనుష్యులు, ఒక తంబురా, రెండు డక్కీలు, నాలుగు బల్లలు చాలును. రెండెడ్లబండిలో పట్టు రంగస్థలమది.

నాజర్ గారు ఈ మండలిలో చేరి, వంగదేశపు కరవును కథగా చెప్పిరి. ఎన్నడును వంగదేశమును చూడని గుంటూరు రైతునకు అచటి ఆకలి తన ఇంటి ఆకలిగా తోచునట్లు చెప్పుటలోనే ఆయన నేర్పు వెల్లడియైనది. నాటకరంగమున అలవడిన అభినయమును, అభ్యసించిన సంగీతమును, పల్లెజనము మాట్లాడు నుడికారమును ఆయన ఒక్కచోట మేళవించిరి. జంగము కథలోని తాళము చెడలేదు, తందాన మారలేదు. కాని కథావస్తువు మారినది, వినువాని స్థానము మారినది. అంతకుముందు శ్రోత భక్తుడు, ఇప్పుడు పౌరుడు.

ఆయనకు విశేషకీర్తి తెచ్చిన కథలు మూడింటిని పేర్కొనవలెను. మొదటిది పల్నాటి యుద్ధము. శ్రీనాథుని ద్విపదకావ్యమునకు వస్తువైన ఈ వీరగాథను పల్నాటి సీమలో వీరవిద్యావంతులు వంశపరంపరగా, వీరపూజలో భాగముగా గానము చేయుదురు. నాజర్ గారు దానిని గుడిముంగిట నుండి బహిరంగసభకు తెచ్చిరి. వివిధ కులములవారిని ఒకే చాపపై కూర్చుండబెట్టి భుజింపజేసిన బ్రహ్మనాయుని చాపకూడు ఈ కథలోనిదే. ఆ ఘట్టమును ఒక పేద ముస్లిం కళాకారుడు, అన్ని కులములవారు కలిసి కూర్చున్న సభలో వినిపించుచుండగా, కథకును సభకును నడుమ నున్న దూరము తొలగిపోవుట సహజము గదా!

రెండవది బొబ్బిలి యుద్ధము. 1757 జనవరి 24న ఫ్రెంచి సేనాని బుస్సీ ఫిరంగుల ఎదుట నేలకూలిన కోట కథ అది. తాండ్ర పాపారాయుని పగ కథ అది. మూడవది అల్లూరి సీతారామరాజు కథ. మన్యమున 1922లో తిరుగుబాటు లేవదీసి, 1924 మే 7న తెల్లవారి తుపాకులకు బలియైన ఆ వీరుడు మరణించునాటికి నాజర్ గారు నాలుగేండ్ల బాలుడు. కావున సీతారామరాజును కన్నులార చూచినవారు, మన్యపు పితూరిని స్వయముగ ఎరిగినవారు ఆయన శ్రోతలలో నుండుటకు అవకాశము కలదు. పురాణపురుషునకు బదులు సమకాలికుడు కథానాయకుడైనప్పుడు బుర్రకథ చరిత్రగ్రంథమును, వార్తాపత్రికను ఏకకాలమున తలపించును.

ప్రభుత్వములు ఈ శక్తిని గుర్తింపకపోలేదు. 1948 నుండి కమ్యూనిస్టులపై నిర్బంధము తీవ్రము కాగా ప్రజానాట్యమండలి దళములు చెల్లాచెదరయ్యెను. కళాకారులు కొందరు చలనచిత్రసీమకు తరలిరి. ఎన్.టి. రామారావు, భానుమతి నటించిన 1954 నాటి 'అగ్గిరాముడు' చిత్రములో నాజర్ దళము సీతారామరాజు బుర్రకథను చెప్పినది. తిరునాళ్ళలో వినని పట్టణవాసులకు సైతము ఆ గొంతు ఈ విధముగ చేరినది. ఒకనాడు అధికారులు శంకించిన ఈ కళనే తరువాతి కాలమున ప్రభుత్వ శాఖలు కుటుంబ నియంత్రణమునకు, అక్షరాస్యతకు ప్రచారసాధనముగ వాడుకొన్నవి. ఇది విచిత్రమే, కాని ఆ కళకు జనముపైగల పట్టునకు ఇంతకంటె నిదర్శనము అక్కరలేదు.

ఇక ఆయన ఆత్మకథను గూర్చి ఒక మాట. అంగడాల వెంకట రమణమూర్తి గారు అక్షరబద్ధము చేసిన ఆ గ్రంథమునకు 'పింజారి' యని పేరు. ఈ మాటను మన తెలుగువారు కొందరు తిట్టుగా వాడుట మనమెరుగుదుము. దూదిని ఏకి పదిమందికి మెత్తని పరుపులు కూర్చిన శ్రమజీవి పేరు తిట్టుగా మారుట మన భాషకు గౌరవము కాదు. ఆ మాటను దాచుటకు గాని, మరియొక మర్యాదపేరు తగిలించుకొనుటకు గాని బదులుగా, నాజర్ గారి జీవితకథ దానినే నొసట ధరించినది. 1986లో భారత ప్రభుత్వము పద్మశ్రీ బిరుదము నిచ్చి గౌరవించినది ఆ పింజారినే. 1997లో ఆయన పరమపదించిరి. తిట్టును బిరుదము ప్రక్కన నిలిపి తలెత్తుకొని నిలుచుట ఆయన జీవితము మనకు నేర్పు పాఠములలో ఒకటి.

ఈ సీమలో ఆయన ఒంటరివాడు కాదు. ఒంగోలు సమీపమునగల కరవదిలో 1924లో జన్మించిన షేక్ చిన మౌలానా సాహెబు గారు నాదస్వర విద్వాంసులై, శ్రీరంగమున స్థిరపడి, 1977లో పద్మశ్రీని, 1998లో సంగీత కళానిధి బిరుదమును పొందిరి. ఒకరిది దేవాలయ మంగళవాద్యము, వేరొకరిది పల్లెప్రజల వీరగాథ. ఇరువురును ముస్లిములు, ఇరువురును నాటి గుంటూరు జిల్లావారే. ప్రకాశం జిల్లా ఏర్పడినది 1970లో గదా! కళకు అధికారి ఎవరను ప్రశ్నకు వీరిద్దరు మాటతో గాక సాధనతో సమాధానమిచ్చిరి.

నేడు బుర్రకథ పరిస్థితి యేమి? ఉత్సవములలోను, ప్రభుత్వ కార్యక్రమములలోను అది వినబడుచునే యున్నది. కాని తెల్లవారువరకు ఊరంతయు మేల్కొని వినిన రాత్రులు అరుదైనవి. దూరదర్శనమును, చేతిలోని ఫోనును నిందించుట సులభము. ఢిల్లీలో సుప్రసిద్ధుడైన కడపటి దాస్తాన్‌గో మీర్ బాఖర్ అలీ 1928లో మరణింపగా ఆ కళ అంతరించినదని అందరు తలచిరి. అయినను శంసుర్రహ్మాన్ ఫారూఖీ ప్రోత్సాహమున మహమూద్ ఫారూఖీ 2005లో దానిని మరల వేదికనెక్కించిరి. ప్రాత దాస్తానులతో ఆగక, దేశవిభజన వంటి కొత్త వస్తువులను కూడ చేపట్టుటచేత యువకులు దానిని ఆదరించిరి. నాజర్ గారు 1940 ప్రాంతమున చేసినది సరిగా ఇదియే.

కనుక బుర్రకథను కాపాడుట యనగా తంబురాను గాజుబీరువాలో భద్రపరచుట కాదు. ప్రత్తిరైతు అప్పులు, మిరపయార్డులో ధరల పతనము, వలసపోవు కూలీల కష్టములు నేటి రాజకీయపు వంత నోట పలుకవలెను. మన కళాశాల విద్యార్థులకు రెండు పనులు చేతనగును. మొదటిది, తమ గ్రామములలో మిగిలిన వృద్ధ కథకుల, వంతల గానమును, జ్ఞాపకములను వారి అనుమతితో ధ్వనిముద్రణము చేసి గ్రంథాలయమున నుంచుట. రెండవది, వార్షికోత్సవమున మువ్వురు విద్యార్థులు నిలువబడి, తాము కన్న లోకమును తామే కథగా కట్టి చెప్పుట. వారిలో ఒకరు తెలుగు విభాగమువారు, మరియొకరు ఉర్దూ విభాగమువారు కావచ్చును. మూడవవాడు హాస్యపు వంత గనుక, ఏ విభాగమువాడైనను సరిపోవును. ఇందులకు కళాశాల సంఘమువారు పూనుకొని ఒక తంబురాను, రెండు డక్కీలను సమకూర్చినచో, కావలసిన మిగిలిన సామగ్రి గొంతు, ధైర్యము, ఎదుట కూర్చుండి విను జనము మాత్రమే.